అక్కడేం బాగోలేదు

పోయిన వారం పిచ్చుక వాళ్ళమ్మ కుటుంబ సలహా కేంద్రం రెండో అంతస్తులో, మూసిన తలుపు ముందు నిలబడి ఉండగా మనం కథ ఆపాం. ఆమె చేతిలో ఒక ఫైలు ఉంది. అందులో జడ్జిగారికి ఇవ్వబోయే అర్జీ: కూతుర్ని ఇకమీదట తండ్రి ఇంటికి పంపనని. తలుపుకు అవతల అప్పటికే వచ్చి కూర్చున్న తండ్రి దగ్గరా ఒక ఫైలుంది. అందులోనూ అర్జీయే: కూతుర్ని పూర్తిగా తనకే అప్పగించమని. ఏడు నెలలుగా ఇద్దరివీ వేరు వేరు ఇళ్ళు. విడాకులకు ఇద్దరూ మొదట్లోనే తలూపారు. పేచీ అంతా తొమ్మిదేళ్ళ పిల్ల, ఇంట్లో అందరూ ముద్దుగా పిలిచే పిచ్చుక దగ్గరే వచ్చింది. సోమవారంలోగా మీలో మీరు తేల్చుకోకపోతే నేనే తేలుస్తానని జడ్జిగారు చెప్పి ఉన్నారు. ఇవాళ శుక్రవారం.

ఆమె తలుపు తోసి లోపలికి వెళ్ళింది.

గది చిన్నది. గుండ్రటి బల్ల, నాలుగు కుర్చీలు, కిటికీకి వెలిసిపోయిన నీలం పరదా. పక్కగోడకు ఇంకో తలుపు, దాని అవతల పిల్లల గది. అక్కడినుంచి చెక్క దిమ్మెలు ఒకదాని మీద ఒకటి పేర్చుతున్న చప్పుడు, కాసేపటికి అన్నీ కూలిన చప్పుడు, మళ్ళీ పేర్చుతున్న చప్పుడు వినిపిస్తున్నాయి. పిచ్చుక వచ్చేసిందన్నమాట. దాన్ని తీసుకొచ్చిన నానమ్మ బయట వరండాలో, బెంచీ మీద పిల్ల సంచీ ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది. ఏడు నెలలుగా పిల్లను ఈ ఇంటి నుంచి ఆ ఇంటికి, ఆ ఇంటి నుంచి ఈ ఇంటికి చేర్చే పని ఆవిడదే. గుమ్మం దగ్గర ఒకరికొకరు ఎదురుపడే ఓపిక మొగుడికీ లేదు, పెళ్ళానికీ లేదు.

అతను పనిలోంచే వచ్చినట్టున్నాడు. లిఫ్టులు బాగుచేసే కంపెనీ చొక్కా, గోళ్ళ కింద నల్లటి గ్రీజు. మనిషి చిక్కాడని ఆమెకు ఒక చూపులోనే తెలిసింది. తెలిసిన మరుక్షణం పిచ్చుక వంకర జడ గుర్తుకొచ్చి మనసు మళ్ళీ బిగుసుకుంది. తండ్రి దగ్గరినుంచి వచ్చిన ప్రతిసారీ ఆ పిల్ల జడ ఒక పక్కకు వేలాడుతూ ఉండేది. తల దువ్వే దిక్కు కూడా లేదా ఆ ఇంట్లో అని ఆమె ఎన్నిసార్లు ఉడికిపోయిందో. అర్జీలో ఆ జడ సంగతి కూడా రాయించింది.

జడ ఒక్కటే అయితే ఊరుకునేదేమో. అక్కడినుంచి వచ్చిన ప్రతిసారీ పిచ్చుక చెప్పేది ఒకటే మాట: "అక్కడేం బాగోలేదమ్మా." ఆ తర్వాత ఒక్కొక్కటీ విప్పేది. చీకటి పడేదాకా ఒక్కదాన్నే ఉంటానని, దోమలు కుడతాయని, అన్నం చల్లారిపోయి ఉంటుందని. ఆ మాటలు ఆమెను పగలంతా వెంటాడేవి. కళ్ళజోళ్ళ దుకాణంలో అద్దాలు అరగదీసి ఫ్రేముల్లో బిగించే పని ఆమెది. వెంట్రుకవాసి తేడా వచ్చినా పెట్టుకున్నవాళ్ళకు కళ్ళు తిరుగుతాయి. అలాంటిది, పిల్ల తండ్రి దగ్గరున్న రోజుల్లో మెషీను ముందు కూర్చుంటే చీకటి గదిలో మోకాళ్ళు ముడుచుకున్న కూతురే కళ్ళకు కట్టేది. ఒకే నెలలో రెండు జతల అద్దాలు పాడుచేసింది. దుకాణం పెద్దాయన ఏమీ అనలేదు. ఆ అనకపోవడం ఇంకా బాధగా ఉండేది.

కౌన్సెలర్ వచ్చి తన కుర్చీలో కూర్చుంది. ఆవిడ పూర్వం పిల్లల వార్డులో ఇరవై ఏళ్ళు నర్సుగా చేసిన మనిషి. ఎవరైనా కేక వేస్తే ఉలిక్కిపడదు, ఎవరైనా ఏడిస్తే కంగారుపడదు. ఇప్పటికి పిచ్చుకతో మూడుసార్లు విడిగా మాట్లాడింది. ఏం మాట్లాడిందో తల్లికీ చెప్పలేదు, తండ్రికీ చెప్పలేదు.

ఆవిడ ఉపోద్ఘాతం ఏమీ పెట్టుకోలేదు. పాప అవతలి ఇంటి గురించి మీతో ఏం చెబుతుందో పాప మాటల్లోనే రాసివ్వమని పోయినసారి ఇద్దర్నీ అడిగాననీ, ఇద్దరూ రాసిచ్చారనీ గుర్తుచేసింది. సొరుగులోంచి రెండు కాగితాలు తీసి చెరొకటి ఇచ్చింది.

"చదివే ముందు ఒక్క మాట" అంది. "ఇందులో ఉన్నదాని గురించి మీతో మాట్లాడటానికి పాప నాకు అనుమతి ఇచ్చింది. తను పక్క గదిలో ఉంటానంది. వాళ్ళు అరవకపోతే వస్తాను, అరిస్తే రాను అంది. అది తన షరతు."

ఆమె కాగితం మడత విప్పింది.

'అక్కడేం బాగోలేదు. చీకటి పడేదాకా ఎవరూ రారు, నేనొక్కదాన్నే ఉంటాను. దోమలు కుడతాయి, నిద్ర పట్టదు. అన్నం చల్లారిపోయి ఉంటుంది. నేనేదైనా చెబుతుంటే వినరు, ఫోను చూసుకుంటారు.'

తను రాసిందే. ఒక్క అక్షరం పొల్లుపోలేదు. కానీ ఆ అక్షరాలు కుడివైపుకి వాలి ఉన్నాయి. పన్నెండేళ్ళ కాపురంలో సరుకుల చీటీల మీద, గ్యాసు పుస్తకం మీద, పిల్ల బడి ఫారాల మీద చూసి చూసి ఉన్న అతని చేతిరాత అది. ఆమెకు ఒళ్ళు మండింది.

"నా కాగితం చూసి రాశారా?" అంది.

సరిగ్గా అదే సమయానికి అతనూ తలెత్తాడు. "ఇది నేను చెప్పిందే కదా. నీ చేతిరాతలో ఎందుకుంది?"

"మీరు చెప్పిందా? ఇది నా కూతురు మీ ఇంటి గురించి చెప్పింది."

"మా ఇంటి గురించా? అది నీ ఇంటి గురించి నాతో—"

గొంతులు పెరిగాయి. అతని చెయ్యి బల్ల మీద పడబోయింది. కౌన్సెలర్ పక్కగోడ తలుపు వైపు చూసిందంతే. దిమ్మెల చప్పుడు ఆగిపోయింది. పేర్చుతున్న చప్పుడు లేదు, కూలిన చప్పుడూ లేదు. తలుపు అవతల ఒక పిల్ల ఊపిరి బిగబట్టి వింటోందని ముగ్గురికీ అర్థమైంది.

అతను చెయ్యి వెనక్కి తీసుకుని ఒళ్ళో పెట్టుకున్నాడు. ఆమె నోటిదాకా వచ్చిన మాటను మింగింది. ఏడు నెలల్లో వాళ్ళిద్దరూ కూడబలుక్కున్నట్టు చేసిన మొదటి పని ఆ మౌనమే. చాలాసేపటికి అవతల ఒక దిమ్మె మీద ఇంకో దిమ్మె పెట్టిన చిన్న శబ్దం వచ్చింది.

ఆమె కాగితాన్ని మళ్ళీ చదివింది, ఈసారి నెమ్మదిగా. చీకటి పడేదాకా ఒక్కదాన్నే. తన ఇంట్లోనా? పిచ్చుక బడి నుంచి నేరుగా దుకాణానికి వస్తుంది. మెషీను పక్కన స్టూలు మీద కూర్చుని హోంవర్కు చేసుకుంటుంది. ఒక్క నిమిషం ఒంటరిగా వదిలింది లేదు. కిటికీలకు జాలీ ఉంది, దోమ దూరదు. ఫోనైతే పిల్ల ఇంట్లో ఉన్నంతసేపూ బీరువా మీదే పడి ఉంటుంది. ఈ కాగితంలో తన ఇంటి గురించి ఉన్న ఒక్క ముక్కా నిజం కాదు.

మరి తన గురించి రాసింది నిజం కానప్పుడు, అతని గురించి తను రాసింది?

ఆ ప్రశ్నను ఆమె సూటిగా అడగలేదు. చివరికి కాగితం వైపే చూస్తూ అడిగింది, సాయంత్రం ఇంటికి ఎన్నింటికి వస్తారని. పాప ఉండే రోజుల్లో రెండో షిఫ్టు మానేశానని అతను చెప్పాడు. సూపర్‌వైజరు కాళ్ళావేళ్ళా పడి పొద్దుటి షిఫ్టు వేయించుకున్నాడట. బడి వదిలే సరికి గేటు దగ్గర తనే ఉంటాడట.

"దోమలు?"

"తెర కట్టాను. ఆకుపచ్చదే కావాలని కూర్చుంటే మూడు దుకాణాలు తిరిగాను" అన్నాడు. తర్వాత తప్పు చేసినవాడిలా అడిగాడు. "ఆ దుకాణం ఆయన రోజూ మీ ఇంటికొస్తాడని పాప చెప్పింది..."

"ఆయనకు డెబ్భై రెండేళ్ళు. నాకు జ్వరమొచ్చినప్పుడు ఒక్కసారి వచ్చాడు. మందులిచ్చి గుమ్మంలోంచే వెళ్ళిపోయాడు."

అతను తల దించుకున్నాడు.

అప్పుడు కౌన్సెలర్ నోరు విప్పింది. పిచ్చుక తనకు చెప్పింది చెప్పినట్టు, ఒక నర్సు డాక్టరుకు రాత్రి డ్యూటీ సంగతులు అప్పజెప్పినంత నిదానంగా చెప్పింది. విడిపోయిన మొదటి నెలలో నాన్న పిచ్చుకను పది అంతస్తుల భవనం పైకి, లిఫ్టు మోటారు గదికి తీసుకెళ్ళాడు. తన ఎత్తున్న చక్రం తిరగడం చూసింది. డాబా మీద నుంచి ఊరంతా చూసింది. ఇంటికొచ్చి ఆయాసపడుతూ అమ్మకు చెప్పింది. అమ్మ "అలాగా" అంది. వంటింట్లోకి వెళ్ళి, కడిగి బోర్లించిన గిన్నెలే మళ్ళీ కడిగింది. పిల్ల గుమ్మం పక్కన నిలబడి అదంతా చూసింది. ఆ తర్వాతి వారం జలుబుతో వచ్చి, "అక్కడేం బాగోలేదమ్మా" అంది. అమ్మ వెంటనే దగ్గరికి తీసుకుని, దాని వీపు నిమురుతూ చాలాసేపు కూర్చుంది.

తండ్రి దగ్గరా అంతే. అమ్మ సొరుగులున్న బల్ల కొనిపెట్టిందని పిల్ల మురిసిపోతూ చెబితే, నాన్న కంచంలో సగం వదిలేసి కిటికీ దగ్గర నిలబడ్డాడు. ఇంకోసారి, అక్కడ దోమలు కుట్టాయని చెబితే, కథ చెప్పి మరీ పడుకోబెట్టాడు.

"పిల్ల అబద్ధాలకోరని మాత్రం అనుకోకండి" అంది కౌన్సెలర్. "మీ ఇద్దరికీ నొప్పిగా ఉందని దానికి తెలిసింది. దాని దగ్గరున్న మందు ఒక్కటే. ఇద్దరికీ అదే వేసింది."

ఆమెకు ఆ సాయంత్రం కళ్ళ ముందుకొచ్చింది. కుళాయి నీళ్ళు, చేతిలో శుభ్రమైన గిన్నె. ఆ డాబా మీద తను లేకుండా వాళ్ళిద్దరూ నవ్వుకున్నారన్న ఉక్రోషం. ఆ పూట కూతురు తన వీపు వెనక నిలబడి ఉందన్న స్పృహే లేదు. సిగ్గుతో ముఖం వేడెక్కింది. భూమి రెండుగా చీలితే బాగుండునన్నంత సిగ్గు.

అయితే ఆ సిగ్గు వెనకాలే ఇంకోటి వచ్చింది. దాని కోసం ఆమె సిద్ధంగా లేదు. చీకటి గది లేదు. మోకాళ్ళు ముడుచుకున్న పిల్ల లేదు. ఏడు నెలలు గుండెల మీద కుంపటిలా మోసినదేదీ ఎన్నడూ జరగనే లేదు. తన పిచ్చుక ఆకుపచ్చ తెర కింద హాయిగా నిద్రపోయింది. ఆమె వెనక్కి వాలింది. ఎన్నాళ్ళకో ఊపిరి పొట్ట దాకా దిగింది.

అతనూ అదే లెక్క వేసుకుంటున్నట్టున్నాడు. రెండు చేతులతో మొహం రుద్దుకున్నాడు. "అంటే, అది నీ దగ్గర బాగానే ఉంది" అన్నాడు, ఎవరో ఆసుపత్రి నుంచి క్షేమంగా వచ్చారని విన్నవాడిలా. కళ్ళ కింద తడిని గ్రీజు చేత్తో తుడుచుకుంటే చెంప మీద నల్లటి చార పడింది. ఆమె సంచీలోంచి అద్దాలు తుడిచే మెత్తటి గుడ్డ తీసి బల్ల మీదుగా జరిపింది. అలవాటు.

ఇప్పుడు పిలుద్దామా అని కౌన్సెలర్ అడిగింది. పాప వచ్చి ఈసారి నిజం చెబుతుందని, వినేటప్పుడు మొహాలు జాగ్రత్త అని హెచ్చరించింది.

"మొహం ఎలా పెట్టుకోవాలండీ?" అంది ఆమె. నిజంగానే తెలియక అడిగింది.

"కొత్త కళ్ళజోడు పెట్టుకుని ఎలా ఉన్నానని అడిగేవాళ్ళకు పెడతావు చూడు, అలా" అన్నాడు అతను.

ఆమెకు నవ్వు పెదవి చివరిదాకా వచ్చింది. ఈ మనిషి నోట హాస్యం విని ఏడాది దాటింది. కౌన్సెలర్ మాత్రం తల అడ్డంగా ఊపింది. "నటించక్కర్లేదు. నటిస్తే మీకంటే ముందు దానికే తెలుస్తుంది. బాధేస్తే బాధేసిందనే చెప్పండి. ఆ బాధ తను తీర్చక్కర్లేదని కూడా చెప్పండి."

తలుపు తెరుచుకుంది. పిచ్చుక లోపలికి రాలేదు, గడప మీదే నిలబడి ముందు అమ్మ మొహం, తర్వాత నాన్న మొహం, మళ్ళీ అమ్మ మొహం చూసింది. నాన్న చెంప మీది చార చూసి నుదురు చిట్లించింది. తర్వాత వచ్చి ఇద్దరికీ మధ్యనున్న ఖాళీ కుర్చీలో కూర్చుంది. కాళ్ళు నేలకు అందలేదు.

"నాన్న ఇల్లెలా ఉంటుందే?" అంది ఆమె.

"నిజం చెప్పనా?"

"నిజమే చెప్పు."

"నీకు ఏడుపొస్తే?"

"వస్తే ఏడుస్తాను. తర్వాత మొహం కడుక్కుంటాను. అది నా పని, నీది కాదు."

పిచ్చుక ఆ జవాబును కాసేపు తూచింది. ఆ తర్వాత మొదలుపెట్టింది చూడండి, గూట్లోంచి వంద పిట్టలు ఒక్కసారి లేచినట్టు. ఆకుపచ్చ తెర, కింది వాటాలో పిల్లి, దాని మూడు కూనలు, మంచం పక్కన నాన్న బిగించిన దీపం. అన్నిటికంటే ముఖ్యమైన సంగతి, నాన్న జడ వేయడం నేర్చుకున్నాడట. ఫోనులో వీడియో పెట్టుకుని, దారాలతో సాధన చేసి మరీ. "వంకరగా వస్తుంది, కానీ గట్టిగా ఉంటుంది. సాయంత్రం దాకా ఊడదు" అంది గర్వంగా.

ఆమె ఫైలు మీద చెయ్యి పెట్టుకుని వింది. అర్జీలో మూడో పేజీలో ఉన్న ఆ జడ, దిక్కులేని పిల్ల జడ, ఒక మగవాడు మొరటు వేళ్ళతో పొద్దున్నే కుస్తీ పట్టి వేసిన జడ. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆపుకోలేదు. పిచ్చుక ఠక్కున ఆగిపోయింది.

"ఏం లేదు, చెప్పు" అంది ఆమె. "కొంచెం బాధ, కొంచెం సంతోషం. రెండూ నావే. మూడు కూనల్లో నీకేది నచ్చింది?"

పిల్ల మళ్ళీ అందుకుంది. తర్వాత నాన్న వంతు. సొరుగుల బల్ల గురించి, దుకాణం స్టూలు గురించి, పాత అద్దాలతో చీమల్ని పెద్దవి చేసి చూపించే పెద్దాయన గురించి అతను నవ్వుమొహంతో విన్నాడు. మధ్యలో ఒకటి రెండుసార్లు గుటక వేశాడు, అంతే.

"నాకు చాలా కష్టమైపోయింది" అంది పిచ్చుక చివరికి, పెద్ద ఆరిందాలా నిట్టూర్చి. "ఏ ఇంట్లో ఏం చెప్పానో గుర్తుండట్లేదు." ఆ వెంటనే, కాళ్ళు ఊపడం ఆపి, అడగాల్సిన మాట అడిగింది. "అయితే మళ్ళీ మనం ముగ్గురం ఒకే ఇంట్లో ఉంటామా?"

ఆమె అతని వైపు చూసింది. నువ్వే చెప్పు అన్నట్టు అతను తలూపాడు.

"ఉండం తల్లీ. నేనూ నాన్నా ఒక ఇంట్లో ఉండలేం. అది నీవల్ల కాదు, నీ చేతుల్లోనూ లేదు. కానీ రెండిళ్ళూ నీవే. ఈ ఇంట్లో ఆ ఇంటి మాట ఎంతసేపైనా మాట్లాడుకోవచ్చు."

నాన్న చెయ్యి చాపితే పిచ్చుక అతని వేలు పట్టుకుని ఏడ్చింది, ఎక్కువసేపేం కాదు. ముక్కు చీదుకుని, "అయితే నాకు రెండు టూత్‌బ్రష్‌లు కావాలి" అంది. "సంచీలో పెడితే తడి అంతా లెక్కల పుస్తకానికే అంటుకుంటోంది."

ముందుగా నవ్వింది కౌన్సెలర్. ఆ తర్వాత ఇద్దరూ నవ్వారు, నవ్వుతున్నందుకు ఆశ్చర్యపోతూ.

మిగిలింది అరగంట పని. రెండు ఫైళ్ళూ బల్ల మీద పక్కకు జరిగాయి. జడ్జిగారికి ఇవ్వడానికి ఇద్దరూ కలిసి ఒకే కాగితం రాశారు: ఒక వారం ఒక ఇల్లు, మరుసటి వారం ఇంకో ఇల్లు, జబ్బు చేస్తే ఎవరు దగ్గరుంటే వాళ్ళు, బడి పనులకు ఇద్దరూ. గుమ్మం దగ్గర పిల్లను అందించుకోవడం ఇకనుంచి వాళ్ళే చేస్తారు, మధ్యవర్తులు అక్కర్లేదు. ఆ చివరి వాక్యం ఆమె చెబితే అతను రాశాడు. సంతకం పెడుతుంటే ఆమెకు కొండ దిగి చదునైన దారిలోకి వచ్చినట్టనిపించింది.

వరండాలో అత్తగారు కూర్చున్న చోటే కూర్చుని ఉంది. నలభై రెండేళ్ళు ఒకే మగాడి మాట మీద నడిచిన మనిషి. మావగారు ఇంట్లో ఉంటే ఆవిడ నోట పూర్తి వాక్యం విన్నవాళ్ళు లేరు. ఈ విడాకుల సంగతి తెలిసిన రోజు కూడా మంచని గాని, చెడని గాని అనలేదు. పిల్లను నేను తీసుకెళ్తాను, తీసుకొస్తాను అని మాత్రం అంది. ఇప్పుడు ఆవిడ మనసు నొచ్చుకుంటుందేమోనని భయపడుతూనే ఆమె వెళ్ళి పక్కన కూర్చుని, లోపల జరిగిందంతా చెప్పింది. ఇకమీదట మీకు ఈ తిరుగుడు శ్రమ ఉండదు అత్తయ్యా, మనవరాలు ఎప్పటిలాగే మీ దగ్గరికి వస్తుంది అంది.

అత్తగారు అంతా విని తలూపింది. మనవరాలి సంచీ కొడుకు చేతికిచ్చింది. "పిల్లకు దాహంగా ఉన్నట్టుంది, కిందకి తీసుకెళ్ళి ఏదైనా తాగించు. మేం వెనకాల వస్తాం" అంది. తండ్రీ కూతుళ్ళ అడుగుల చప్పుడు మెట్ల మీద దూరమయ్యేదాకా ఆగింది. అప్పుడు లేచి, చీర కుచ్చిళ్ళు సర్దుకుని, కౌన్సెలర్ గది తలుపు మీద తనే రెండుసార్లు తట్టి లోపలికి వెళ్ళింది. ఏమీ అర్థంకాక కోడలు వెంట నడిచింది.

"ఇక్కడ ఎంత వయసు దాకా చూస్తారమ్మా?" అని అడిగింది అత్తగారు.

కౌన్సెలర్ కాగితాలు సర్దుతూ చిరునవ్వు నవ్వింది. "పిల్లలనైతే పద్దెనిమిదేళ్ళ దాకా చూస్తామండీ. మీ మనవరాలికి ఇంకా బోలెడు టైముంది."

"పిల్లల సంగతి కాదు." ఆవిడ కొడుకు లేచి వెళ్ళిన కుర్చీని వెనక్కి జరుపుకుని, నిటారుగా కూర్చుంది. "నలభై రెండేళ్ళు కాపురం చేసినవాళ్ళ సంగతి."

ఆమె గుమ్మంలోనే ఆగిపోయింది. అత్తగారు వెనక్కి తిరిగి చూడలేదు.

"నువ్వూ లోపలికి రా అమ్మాయ్" అంది. "ఆ తలుపు దగ్గరికి వేయి. మీ మావయ్యకు ఇంకా తెలీదు."